ఇంటూ గుర్తు ముందు

వెల్లింగ్టన్‌లో బండి నడపడం ఎవరైనా నేర్చుకుంటారు గానీ, ఆపడం నేర్చుకోవడానికి ఏళ్ళు పడుతుంది. ముక్కు గాలికి ఎదురు పెట్టి ఆపాలి. అప్పుడు తలుపు తెరవడానికి కాస్త బలం కావాలి గానీ, తెరిచాక మన చేతిలోనే ఉంటుంది. వీపు గాలికి పెట్టి ఆపామంటే తలుపు తీయగానే చేతిలోంచి జారి, కీళ్ళతో సహా వెనక్కి మళ్ళిపోతుంది. ఆ సోమవారం పొద్దున కొండ మీది డైరీ ముందు రాజ్యం బండిని ముందుకీ వెనక్కీ తిప్పి తిప్పి ఆపింది అందుకే. పాలు, బ్రెడ్డు, పేపర్లు, పిల్లల మిఠాయిలు అమ్మే మూల కొట్టును ఇక్కడ డైరీ అంటారు. ఆ కొట్టును ఒక కొరియా సినిమావాళ్ళు షూటింగు కోసం అద్దెకు తీసుకున్నారు. నటుల్ని హోటలు నుంచి తెచ్చి, సాయంత్రం మళ్ళీ దింపే పని రాజ్యానికి దొరికింది.

వెనక సీట్లోని పెద్దాయన, ఆమె వచ్చి తలుపు పట్టుకునేదాకా చేతులు మోకాళ్ళ మీద పెట్టుకుని బుద్ధిగా కూర్చున్నారు. పేరు చా మాన్‌బొక్, వయసు డెబ్బై దాటింది. మొదటిరోజు విమానాశ్రయంలో ఆయన గుండె మీద చెయ్యి పెట్టుకుని "చా" అంటే, దిగీ దిగగానే ఈయనకేం విసుగొచ్చిందో అనుకుంది రాజ్యం. యూనిట్‌లో అందరూ ఆయన్ని "సొన్సెంగ్నిమ్" అంటారు. గురువుగారని అర్థమట. అంత పొడుగు పిలుపు దేనికని ఆమె "మాస్టారూ" అనేసింది. ఆయనా దానికే పలకడం మొదలుపెట్టారు.

ఈ అర్థాలన్నీ చెప్పేది ప్రణీత. హామిల్టన్ దగ్గర రోటోటూనాలో పెరిగిన తెలంగాణ పిల్ల. కొరియా సీరియళ్ళు చూసి చూసి ఆ భాష పట్టుబడింది. ఇంట్లో వాళ్ళమ్మ పొద్దస్తమానం ఆ టీవీ ఏంటే అని తిట్టిన తిట్లన్నీ ఇప్పుడు జీతమై వస్తున్నాయి. ఆ సినిమాకు దుబాసీ ఆమే, స్థానికంగా అసిస్టెంటు డైరెక్టరూ ఆమే.

మాస్టారు నలభై ఏళ్ళకు పైగా సినిమాల్లో ఉన్నారని ప్రణీతే చెప్పింది. అద్దె కోసం తలుపు బాదే ఇంటి ఓనరు, హెడ్ కానిస్టేబులు, హీరోయిన్ మేనమామ, సినిమా సగానికి రాకముందే చచ్చిపోయే తండ్రి. ఇంటర్వెల్‌కి ముందే పోతాడన్నమాట అంది రాజ్యం. వాళ్ళ సినిమాలకు ఇంటర్వెల్ ఉండదని ప్రణీత సర్దింది. ఉండకపోతేనేం, ఆయన పోవడం మాత్రం సరిగ్గా ఆ టైముకే పోతాడు. ఇన్నేళ్ళకు ఈ సినిమాలో ఆయన చావడు. కొడుకు పోతాడు. ఆ కొడుకు పనిచేసిన డైరీకి తండ్రి కొరియా నుంచి వచ్చి, కొడుకు స్నేహితుణ్ణి నాలుగు మాటలు అడుగుతాడు. ఆ స్నేహితుడు హీరో. ఆ నాలుగు మాటలే మాస్టారి వేషం. ఇంత పెద్ద డైలాగు ఆయనకు ఎప్పుడూ ఎవరూ ఇవ్వలేదట.

డ్రైవర్లు బండిలోనే కూర్చోవాలి. కానీ హీరోకు గొడుగు పట్టేవాళ్ళు, కాఫీ పట్టేవాళ్ళు, ఊరికే పక్కన నడిచేవాళ్ళు ఉన్నారు గానీ, మాస్టారికి కోటు పట్టుకునే మనిషి కూడా లేదు. టేకు ముందు ఆయన కోటు విప్పి ఎక్కడ పెట్టాలో తెలియక అటూ ఇటూ చూస్తుంటే రాజ్యం వెళ్ళి అందుకుంది. ఎవరూ వెళ్ళిపొమ్మనలేదు. కోటు చేతిలో ఉన్నంతసేపు తనకక్కడ పని ఉన్నట్టేనని, ఐస్‌క్రీం పెట్టె వెనక నిలబడిపోయింది.

ముందు హీరో ముఖం మీద కెమెరా పెట్టారు. మాస్టారు కెమెరాకు అవతల నిలబడి తన మాటలు చెప్పారు. కనిపించేది హీరో ఒక్కడే, అయినా ఆయన ప్రతిసారీ పూర్తిగా చెప్పారు. గొంతు వణికించారు, కళ్ళల్లో నీళ్ళు తెచ్చుకున్నారు. ఆ నీళ్ళు చూసి హీరోకూ నీళ్ళొచ్చాయి. అందరూ చప్పట్లు కొట్టారు. తర్వాత కెమెరాను ఇటు తిప్పారు, మాస్టారి వంతు వచ్చింది. హీరో మెడ రుద్దుకుంటూ తన కారవాన్‌కి వెళ్ళిపోయాడు.

అతను నిలబడ్డ చోట ఒక ఇనప స్టాండు తెచ్చి పెట్టారు. హీరో కళ్ళు ఉండే ఎత్తులో దానికి నీలం టేపుతో ఇంటూ గుర్తు అంటించారు. స్కూల్లో లెక్క తప్పితే మాస్టర్లు పెట్టే ఇంటూ ఎలా ఉంటుందో అలాగే ఉంది. మాస్టారు దాన్ని చూస్తూ చెప్పాలి. హీరో మాటలను ఒక కుర్ర అసిస్టెంటు కాగితం చూసి చదివాడు, బస్సు స్టాపుల పేర్లు చదివినట్టు.

మాస్టారు బాగానే మొదలుపెట్టారు. కొంత దూరం వెళ్ళి ఆగిపోయారు. క్షమించమని వంగి దణ్ణం పెట్టి మళ్ళీ మొదలుపెట్టి, మళ్ళీ అక్కడే ఆగారు. ప్రతిసారీ ఒకే మాట దగ్గర. భాష తెలియకపోయినా రాజ్యం చెవికి ఆ చోటు తెలుస్తూనే ఉంది. మద్రాసులోనూ హైదరాబాదులోనూ ఇరవై ఏళ్ళు హీరోయిన్లకు డబ్బింగు చెప్పిన చెవి అది. ఎక్కడ ఊపిరి తీస్తారో, ఎక్కడ మాట తెగుతుందో దానికి అర్థంతో పనిలేదు. డైరెక్టరు ఓపిగ్గానే ఉన్నాడు గానీ గడియారం చూసుకోవడం మొదలైంది. చివరికి పెద్దాయనకు విశ్రాంతి ఇద్దామని ఆపేశాడు. మాస్టారు కోటు తొడుక్కుంటుంటే చెయ్యి రెండోసారికి గానీ దూరలేదు.

బయట రాజ్యం ప్రణీతను పట్టుకుని ఏమైందని అడిగింది. ప్రణీత చుట్టూ చూసి గొంతు తగ్గించింది.

"ఆంటీ, మాస్టర్‌కి ఇంకా చెప్పలేదు. నెక్స్ట్ షూట్‌ల కెమెరా ఆయన వెన్కకెల్లి పెడ్తరంట. ఫేస్ రాదు. వాయిస్ సియోల్‌ల వేరేటోల్లతోని డబ్ చేయిస్తరంట. ఏజ్ కదా ఆంటీ, మర్చిపోతుండు."

రాజ్యానికి ఒళ్ళు మండింది. ఎవరి మీదో తెలియలేదు. ఆ వేరేవాళ్ళు ఎవరో, హెడ్‌ఫోన్లు పెట్టుకుని చీకటి గదిలో నిలబడి, ముఖం తెలియని ముసలాయన దుఃఖాన్ని తమ గొంతుతో నింపేవాళ్ళు, వాళ్ళ మీద కోపం తెచ్చుకోవడానికి ఆమెకు మొహం చెల్లలేదు.

కొండ దిగేటప్పుడు వెనక సీట్లోంచి గొంతు వినిపించింది. మాస్టారు అద్దంలోకి చూస్తూ డైలాగు చెప్పుకుంటున్నారు. ఎక్కడా ఆగలేదు. ఆ గండం దగ్గర కూడా నల్లేరు మీద బండిలా వెళ్ళిపోయింది. ఇంట్లో పులి, వీధిలో పిల్లి అనుకుంది రాజ్యం. అద్దంలో ఆయన చూస్తున్నది తన కళ్ళల్లోకేనన్న సంగతి ఆమె గమనించింది గానీ, దాన్నేమీ పట్టించుకోలేదు.

మంగళవారం దక్షిణపు గాలి వచ్చిపడింది. సదర్లీ అంటారు దాన్ని. నేరుగా మంచు ఖండం నుంచి బయల్దేరి దారిలో ఎక్కడా ఆగకుండా వస్తుంది. వీధిలో దీపాల స్టాండ్లు నిలబడవని షూటింగు ఆపేశారు. మాస్టారు హోటల్లో కూర్చోలేక ఫోను చేసి, "షాప్. కొరియా షాప్" అన్నారు. రాజ్యం ఊళ్ళో ఉన్న కొరియా సరుకుల కొట్టుకు తీసుకెళ్ళింది.

గల్లాపెట్టె దగ్గరున్నావిడ ఆయన్ని చూడగానే రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుంది. ముఖం తెలుసు, పేరు రావడం లేదు. వేళ్ళు ముడుస్తూ ఏవేవో సినిమాలు గుర్తుచేసుకుంది. చివరికి పేరు దొరికిందన్న ఆనందంతో "పేక్ సొన్సెంగ్నిమ్" అంది. మాస్టారు నవ్వి తలవంచారు. ఆవిడ కాగితం ఇస్తే సంతకం పెట్టారు. కిమ్చీ పచ్చడి డబ్బా పట్టుకుని బయటికి వచ్చాక, మీరు చా కదా, పేక్ ఎవరని రాజ్యం తన ఇంగ్లీషులో నిలదీసింది. తన వయసువాడే ఇంకో నటుడట. ఆవిడ చిన్నబుచ్చుకుంటుందని ఆ పేరే రాసిచ్చానని ఆయన తేలిగ్గా చెప్పారు.

"సేమ్ ఫేస్," అన్నారు. "ఓకే."

ఓకే ఏమీ కాదు. రాజ్యానికి విజయవాడలో ఒక కూరగాయలమ్మాయి జ్ఞాపకం వచ్చింది. బేరమాడుతుంటే, మీది అచ్చం ఫలానా హీరోయిన్ గొంతమ్మా అని మురిసిపోయి పావుకిలో వంకాయలు ఎక్కువేసింది. ఆ గొంతు తనదేనని చెప్పకుండా, అవునటే అని నవ్వేసి వంకాయలు తెచ్చుకుంది. అప్పుడూ ఓకేనే. రాజ్యం మాస్టారిని బండిలో కూర్చోబెట్టింది. తర్వాత గాలికి కొంగు కాకపోయినా కోటు అంచులు కూడదీసుకుని మళ్ళీ కొట్లోకి వెళ్ళింది.

"నాట్ పేక్. చా. చా మాన్‌బొక్," అని ఒక్కొక్క అక్షరం విడదీసి చెప్పింది.

ఆవిడ కొట్టు వదిలేసి వీధిలోకి పరిగెత్తుకొచ్చింది. కారు అద్దం దగ్గర వంగి వంగి క్షమాపణలు చెప్పుకుని కొత్త కాగితం ఇచ్చింది. గాలికి అది ఎగిరిపోతుంటే మాస్టారు ఒళ్ళో అదిమిపెట్టి తన పేరు రాశారు. చాలా మెల్లగా రాశారు, ఈమధ్య రాసే అవసరం పడనట్టు.

తిరుగు దారిలో సముద్రం పక్కన బండి ఆపి, రాజ్యం ఫోను తీసి ఆయన ముందు పెట్టింది. మాటలూ సైగలూ కలిపి అడిగితే ఆయనకు అర్థమైంది. డైలాగు మొత్తం ఫోనులోకి చెప్పారు. ఆ ఆగే చోటు ఏంటో ప్రణీతకు వినిపించి అడిగితే, ఆ పిల్ల మెసేజీలో అర్థం పంపింది. వాడు వేళకు అన్నమైనా తినేవాడా అని తండ్రి అడుగుతాడట. అన్నం తిన్నావా అన్నది వాళ్ళకూ మనలాగే పలకరింపేనట. చదివి రాజ్యం ఫోనులో ఆ ముక్క మళ్ళీ పెట్టుకుంది.

ఆ సాయంత్రం జాన్సన్‌విల్‌లో ఇంట్లో గిన్నెలు తోముతూ, చెవిలో దూది ముక్కల్లాంటి ఆ ఇయర్‌ఫోన్లు పెట్టుకుని ఆమె అదే వింది. వింటూ వెనకే అంది. డబ్బింగులో లూప్ అంటారు, ఒకే ముక్కను నోటికి పట్టేదాకా తిప్పి తిప్పి వేస్తారు. "కు యెగా పబున్ మొక్కో తన్యొన్నా." మొక్కో అంటే తినడమట. తినడం వాళ్ళకు మొక్కు కాబోలు అని గుర్తుపెట్టుకుంది. ఆమె భర్త లక్ష్మణరావు టీవీలో వార్తలు ఆపేసి వచ్చాడు.

"ఎవరికి మొక్కుతున్నావే ఇందాకణ్ణించీ?"

విషయం చెప్పింది. రేపు ఆ ఇంటూ గుర్తు స్థానంలో తను నిలబడి ఆయనకు మాట అందిస్తానంది. ఆయన భాష నీకు రాదు, నీ భాష ఆయనకు రాదు, ఇద్దరి మధ్యా సినిమా ఎందుకు ముంచుతావని లక్ష్మణరావు అన్నాడు. అన్నాడే గానీ, తడి గిన్నెలు తనే అందుకుని తుడవడం మొదలుపెట్టాడు.

బుధవారం గాలి తగ్గింది. కెమెరాను అప్పటికే మాస్టారి వెనక్కి మార్చే పనిలో ఉన్నారు. ఆయనకు చెప్పినట్టున్నారు. కొట్టు గడప పక్కన నిలబడి, పర్వాలేదు పర్వాలేదని అందరికీ తల ఊపుతున్నారు. ఆ ఊపడం చూశాక రాజ్యం ఇంక ఆగలేదు. ప్రణీత చెయ్యి పట్టుకుంది.

"ఆంటీ, డ్రైవర్‌ని సెట్‌ల నిలబెట్టుమని నేనెట్ల అడుగుత? నా జాబ్ పోతది."

"నువ్వేం అడగక్కర్లేదమ్మా. అడిగేది నేను. నా మాటని వాళ్ళ మాటలోకి మార్చు, చాలు."

డైరెక్టరు చిన్నవాడు, మర్యాదస్తుడు. మానిటర్ ముందు నుంచి లేచి నిలబడి విన్నాడు. రాజ్యం అరవలేదు, బతిమాలలేదు. డబ్బింగు గదిలో మైకు ముందు నిలబడ్డట్టు రెండు కాళ్ళూ ఆనించి చెప్పింది.

"ఈయన గొంతు తీసేసి ఇంకొకళ్ళ గొంతు పెడతామంటున్నారు. అలా పెట్టిన గొంతు నాది. ఇరవై ఏళ్ళు పెట్టాను. అందుకే వద్దంటున్నాను. ఆ స్టాండు తీసి నన్ను నిలబెట్టండి. ఒక్కసారి చూడండి."

ప్రణీత దాన్ని మార్చి చెప్పింది. డైరెక్టరు మాస్టారి వైపు చూశాడు, తర్వాత తెరిపిచ్చిన ఆకాశం వైపు చూశాడు. ఒకే ఒక్క టేకన్నాడు. కుదరకపోతే వెనక నుంచే.

కెమెరాను మళ్ళీ ముందుకు తెచ్చారు. స్టాండు తీసేశారు. హీరో పొడుగరి, రాజ్యం పొట్టిది. అందుకని ఆమెను ఒక చెక్క పెట్టె ఎక్కించారు. సౌండు చూసే అతను వచ్చి ఇక్కడ గొంతులు అప్పటికప్పుడే రికార్డవుతాయని, ఆమె నోట్లోంచి గాలి కూడా రాకూడదని హెచ్చరించాడు. మన షూటింగుల్లో అయితే డైలాగును పక్కనుంచి ఎవరైనా కేకేసి అందించవచ్చు, ఎలాగూ తర్వాత డబ్బింగు ఉంటుంది. ఇక్కడ అందించాలంటే పెదవులతోనే. శబ్దం లేకుండా. రాజ్యం మాస్టారికి తన పెదవులు చూపించి వేలితో తట్టింది. ఆయన అర్థమైందని కళ్ళు మూసి తెరిచారు. ఇన్నేళ్ళూ తెర మీది పెదవులకు గొంతు ఇచ్చిన మనిషి, గొంతు ఇంటి దగ్గర పెట్టి పెదవులతో వచ్చినట్టయింది.

మొదలుపెట్టమన్నారు. మాస్టారు ముందుకు రెండడుగులు వేసి కౌంటరు మీద అరచెయ్యి ఆనించారు. కొడుకు పేరు చెప్పి, ఇక్కడ పనిచేశాడట కదా అన్నారు. ఎక్కడ నిలబడేవాడు, ఇటా అటా అని అడిగారు. గొంతు మామూలుగా ఉంది, ఉప్పు పొట్లం అడిగినంత మామూలుగా. రాజ్యం లోపల లోపల వెంట వస్తూనే ఉంది. ఆ చోటు దగ్గరపడుతోంది.

వచ్చింది. మాస్టారు ఆగిపోయారు.

ఆయన ఆమె పెదవుల వైపు చూశారు. రాజ్యం ఆయన పెదవుల వైపు చూసింది. చూస్తూ ఉండిపోయింది. డబ్బింగు మనిషి ఎన్నడూ ముందు నోరు విప్పదు. తెర మీది పెదవి కదలాలి, ఆ కదలికను అందుకుని మాట వెయ్యాలి. ముందే వేస్తే టేకు పోయినట్టే, ఇంజనీరు అద్దం అవతల నుంచి తిట్టినట్టే. ఒంటికి పట్టిన ఆ విద్య ఇప్పుడు ఆమె దవడలు బిగించి పట్టుకుంది. ఆయన కోసం ఆమె, ఆమె కోసం ఆయన. తను అందించాల్సిన మనిషినని రాజ్యానికి తెలుస్తోంది, మాట నాలుక చివర ఉంది, పెదవి మాత్రం కదలడం లేదు. కొంప ముంచానురా దేవుడా అనుకుంది. కళ్ళల్లోకి నీళ్ళు తన్నుకొచ్చాయి. పెట్టె మీద నిలబడి, ఆ ముసలాయన ముఖంలోకి చూస్తూ ఏడ్చింది, శబ్దం చెయ్యకూడదు గనక శబ్దం లేకుండా.

మాస్టారి చూపు ఆమె పెదవుల మీంచి మెల్లగా కళ్ళ మీదికి వచ్చింది.

"కు యెగా," అన్నారు ఆయన. ఆగి, గొంతు సర్దుకుని, అడగవచ్చునో లేదో అన్నట్టుగా అడిగారు. "పబున్ మొక్కో తన్యొన్నా?"

వాడు వేళకు అన్నమైనా తినేవాడా?

రాజ్యం తల ఊపింది. హీరో చెయ్యాల్సింది అదో కాదో ఆమెకు తెలియదు. అంతలా అడిగే తండ్రికి ఊపకుండా ఎలా ఉంటారు, తిన్నాడండీ, తినేవాడండీ అన్నట్టు ఊపింది. అది చూసి మాస్టారు కౌంటరు మీది చెయ్యి తీసి ముఖం తుడుచుకున్నారు. మిగతా డైలాగు ఎక్కడా తొట్రుపడకుండా చివరిదాకా వెళ్ళింది. అప్పుడు తెలిసింది రాజ్యానికి, ఈయన మరిచిపోలేదు. మాట ఎప్పుడూ ఆయన దగ్గరే ఉంది. బిడ్డ అన్నం తిన్నాడా అని టేపు ముక్కను అడగలేక ఆగిపోయారు, అంతే.

డైరెక్టరు కట్ చెప్పడం మరిచిపోయాడు. చెప్పాక వచ్చి, మధ్యలో ఆ మౌనం ఎలా తెచ్చారని అడిగాడట. తను తేలేదనీ, పెట్టె మీదున్నావిడ తెచ్చిందనీ మాస్టారు చెప్పారట. వెనక నుంచి తీసే షాటు రద్దయింది. సియోల్‌లో ఇంకొకరి గొంతు మాట మళ్ళీ ఎవరూ ఎత్తలేదు.

కెమెరా కుర్రాడు కళ్ళు స్పష్టంగా వచ్చాయో లేదో చూడటానికి మానిటర్ మీద మాస్టారి కంటిని బాగా పెద్దది చేశాడు. ప్రణీత పిలిస్తే రాజ్యం పెట్టె దిగి వచ్చి చూసింది. తెర నిండా ఒక ముసలి కన్ను, ఎర్రజీరలు, నీటి పొర. నల్ల గుడ్డు మధ్యలో ఆవగింజంత పసుపు రంగు. డ్రైవర్లకు ఇచ్చిన పసుపుపచ్చ కోటు విప్పడం హడావిడిలో ఎవరికీ గుర్తులేదు.

"ఆంటీ, అది మీరే," అంది ప్రణీత.

దీన్ని చెరిపేయాలా అని రాజ్యం అడిగించింది. అక్కర్లేదని, హాల్లో అది ఎవరికీ కనిపించదని ఆ కుర్రాడు ధైర్యం చెప్పాడు.

హోటలుకు వెళ్ళేటప్పుడు మాస్టారు వెనక సీట్లో కాకుండా ముందు సీట్లో కూర్చున్నారు. కొంత దూరం వెళ్ళాక "ఫర్గెట్?" అని అడిగారు. మరిచిపోలేదనీ, మీ పెదవి కదలాలని చూశాననీ, అది నా పని అలవాటనీ రాజ్యం వచ్చినంతలో చెప్పింది. ఆయన కాసేపు ఆలోచించి, అర్థం చేసుకుని, దగ్గు వచ్చేదాకా నవ్వారు. నేనూ నీదే చూశాను అన్నారు. దిగేటప్పుడు ఆమె తలుపు తీయడానికి వచ్చేలోపు ఆయనే గాలిని చూసుకుని, అంచు గట్టిగా పట్టుకుని దిగారు.

ఇంట్లో అన్నాల దగ్గర అదంతా విన్న లక్ష్మణరావు, పెరుగు కలుపుకుంటూ సందేహం వెలిబుచ్చాడు.

"కనిపించదన్నాడుగా. మరి నువ్వు అందులో ఉన్నట్టా, లేనట్టా?"

"హాలు వెనక కూర్చుంటే కనిపించదేమో. మనం ముందు వరసలో కూర్చుందాం."

"ముందు వరసా? మెడ పట్టేస్తుందే."

"పట్టెయ్యనివ్వండి," అంది రాజ్యం, ఆయన కంచంలో ఇంకో గరిటె అన్నం వేస్తూ.